ఏడున్నర లక్షల మంది భాషలో మెటల్: బెర్రి చర్రాక్ పాతికేళ్ల ప్రయాణం

క్లుప్తంగా: స్పెయిన్ ఉత్తరాన నవార్రాలోని ఓ చిన్న ఊళ్లో 1994లో మొదలైన బెర్రి చర్రాక్ అనే మెటల్ బ్యాండ్ 2019లో పాంప్లోనాలోని నవార్రా అరేనాలో ఆఖరి కచేరీ చేసి ఆగిపోయింది. ఈ మధ్యలో వాళ్ల ధ్వని చాలాసార్లు మారింది, వాయించే మనుషులు మారారు, రికార్డు కంపెనీలూ మారాయి. మారనిది పాడిన భాష ఒక్కటే, అది స్పెయిన్ ఉత్తరాన, ఫ్రాన్స్ సరిహద్దు వెంట మాట్లాడే బాస్క్. అంత తక్కువ మంది మాట్లాడే భాషలో పాడితే ఎదగడం కష్టమని బయటి నుంచి చూసేవాళ్లకు అనిపిస్తుంది. లోపలికి వెళ్లి చూస్తే ఆ భాష చుట్టూ అల్లుకున్న వ్యవస్థే బ్యాండ్‌ని నిలబెట్టిందని, ధ్వనిని తిరగేసి మరగేసే ధైర్యం ఇచ్చిందని తెలుస్తుంది.

స్పానిష్ బ్యాండా, బాస్క్ బ్యాండా?

మ్యూజిక్ యాప్‌లలో, పత్రికల జాబితాల్లో బెర్రి చర్రాక్ పేరు పక్కన ఒక్కోచోట స్పానిష్ అనీ, ఒక్కోచోట బాస్క్ అనీ కనిపిస్తుంది, దాంతో కొత్తగా వినేవాళ్లకు ఇదేమిటో అర్థం కాదు. రెండింటికీ ఆధారం ఉంది. పాస్‌పోర్టు ప్రకారం వాళ్లది స్పెయిన్. పాటలు మాత్రం స్పానిష్‌లో ఉండవు, స్పానిష్ మాత్రమే వచ్చిన మాడ్రిడ్ శ్రోతకు ఒక్క లైను కూడా అర్థం కాదు.

బ్యాండ్ పుట్టిన లెకున్‌బెర్రి పాంప్లోనాకి వాయవ్యంగా, అరలార్ కొండల పక్కన ఉన్న ఊరు. జనాభా రెండు వేల లోపే. నవార్రాలో భాష విషయం మామూలుగానే చిక్కుముడి. పక్కనే ఉన్న బాస్క్ స్వయంపాలిత ప్రాంతంలో 1979 నుంచి బాస్క్ భాషకు స్పానిష్‌తో సమానంగా అధికార హోదా ఉంది. నవార్రా వేరే ప్రాంతం, అక్కడ 1986లో చేసిన చట్టం నేలని మూడు జోన్లుగా విడగొట్టింది: ఉత్తరాన బాస్క్ మాట్లాడే జోన్, మధ్యలో మిశ్రమ జోన్, దక్షిణాన బాస్క్‌కి అధికారిక హోదా లేని జోన్. లెకున్‌బెర్రి మొదటి జోన్‌లో పడింది. మొత్తం నవార్రాలో బాస్క్ బాగా వచ్చినవాళ్లు సుమారుగా ఏడుగురిలో ఒకరు. అంటే తమ ఊళ్లో పిల్లలంతా మాట్లాడే భాష, కారులో ఓ గంట దక్షిణానికి పోతే దాదాపు ఎవరికీ తెలియని భాష అయిపోతుంది. గాయకుడు, గిటారిస్టు గోర్కా ఉర్బిసు, అతని స్నేహితులు ఈ నేల మీద పెరిగినవాళ్లు. బాస్క్‌లో పాడటం వాళ్లకు సహజంగా వచ్చింది, అలాగే వద్దన్నా రాజకీయ అర్థం తెచ్చిపెట్టింది.

ఆల్టర్నేటివ్ మెటల్ అంటే ఏ ధ్వని

బెర్రి చర్రాక్ సంగీతానికి పెట్టే ఆల్టర్నేటివ్ మెటల్ అనే పేరు మీదా గందరగోళం తక్కువేం కాదు. ఇది ఒక శైలి కంటే ఒక వైఖరి అనుకుంటే మేలు. 1980ల మెటల్‌లో వేగమైన సోలోలు, ఎత్తైన గొంతులు, తోలు బట్టలు ఉండేవి. ఆ దశాబ్దం చివర నుంచి ఫెయిత్ నో మోర్, హెల్మెట్, టూల్, రేజ్ అగెయిన్‌స్ట్ ది మెషీన్ లాంటి బ్యాండ్లు మెటల్ బరువుని ఉంచుకుని మిగతాదంతా పక్కన పెట్టాయి. ఆ స్థానంలో ఫంక్ లయలు, పంక్ కోపం, హిప్‌హాప్ నడక, ఉన్నట్టుండి వచ్చే నిశ్శబ్దాలు చేరాయి.

దీని వెనక ఉన్న కిటుకుని దగ్గర నుంచి చూస్తే అంత కష్టమేం కాదు. మామూలుగా గిటార్‌లో అన్నిటికంటే లావు తీగ శ్రుతి ఇంగ్లీషు అక్షరం ఇ. దాన్ని రెండు మెట్లు వదులు చేసి డి దగ్గర నిలబెడతారు, డ్రాప్ డి అనేది దీన్నే. ఇప్పుడు కింది మూడు తీగల మీద ఒకే వేలు అడ్డంగా పెట్టినా పవర్ కార్డ్, అంటే రెండు స్వరాలు కలిసి గట్టిగా మోగే ధ్వని, పలుకుతుంది. చేయి తేలికవుతుంది కాబట్టి రిఫ్‌ని (మళ్లీ మళ్లీ వచ్చే పొట్టి గిటార్ వరుసని) చకచకా తెంపుతూ, ఆపుతూ, మళ్లీ మొదలుపెడుతూ వాయించొచ్చు. కుడి అరచేయి అంచుని, తీగలు గిటార్ ఒంటికి ఆనే బ్రిడ్జ్ దగ్గర తీగల మీద ఆనిస్తే స్వరం మోగకుండా ధబ్‌మని ఆగుతుంది. ఆ ఆగడమే ఈ సంగీతానికి ప్రాణం. చరణంలో బాస్, డ్రమ్స్ మాత్రం నడుస్తూ గొంతు నెమ్మదిగా ఉండి, పల్లవికి వచ్చేసరికి గిటార్ గోడలా లేచి నిలబడుతుంది. బెర్రి చర్రాక్ తొలి మూడు ఆల్బమ్‌లలో ఈ పనిముట్లన్నీ వినిపిస్తాయి: బ్యాండ్ పేరుతోనే 1997లో వచ్చిన మొదటిది, 1999 నాటి ఇకాస్తెన్, 2001 నాటి ఎస్కువాక్/ఉకబిలాక్. మూడూ నవార్రాకే చెందిన గోర్ అనే చిన్న లేబుల్ (రికార్డు కంపెనీ) నుంచి వచ్చాయి.

చిన్న భాష వెనక పెద్ద అల్లిక

ఏడున్నర లక్షల మంది మాట్లాడే భాషలో మెటల్ బ్యాండ్ ఎలా బతుకుతుంది అన్నది అసలు ప్రశ్న. బాస్క్ మాట్లాడేవాళ్ల సంఖ్య కాస్త అటూఇటూగా అంతే. అందులో ముసలివాళ్లని, చిన్నపిల్లల్ని, మెటల్ అంటే చెవులు మూసుకునేవాళ్లని తీసేస్తే మిగిలేది ఎంతమంది? లెక్క వేస్తే ఏ కంపెనీ అయినా వద్దనే అంటుంది.

కానీ శ్రోతల సంఖ్య ఒక్కటే చూస్తే సరిపోదు, ఆ శ్రోతల దగ్గరికి చేరే దారులు ఎన్ని ఉన్నాయన్నది చూడాలి, అక్కడే బాస్క్ ప్రాంతం ప్రత్యేకం. స్పెయిన్‌ని దశాబ్దాల పాటు ఏలిన ఫ్రాంకో నియంతృత్వంలో బడి నుంచీ ప్రజాజీవితం నుంచీ తోసేసిన భాషని కాపాడటానికి జనం తమంతట తాము కొన్ని ఏర్పాట్లు చేసుకున్నారు. ఇకాస్తోలా అనే బాస్క్ మాధ్యమం బడులు అందులో ఒకటి, 1990ల నాటికి ఆ బడుల్లో చదివిన తరం యవ్వనంలోకి వచ్చింది. ఆ తరానికి బాస్క్‌లో ప్రేమకథలు, టీవీ కార్యక్రమాలు ఎంత అవసరమో గట్టిగా అరిచే పాటలూ అంతే అవసరం. ఇక గస్తెచెలు ఉన్నాయి: ఖాళీగా పడి ఉన్న భవనాల్లోకి కుర్రకారు ప్రవేశించి తామే నడుపుకునే యువజన కేంద్రాలివి, దాదాపు ప్రతి పెద్ద ఊళ్లో ఒకటి కనిపిస్తుంది, వేదిక, స్పీకర్లు, బీరు కౌంటర్ అన్నీ అక్కడే. వేసవిలో ప్రతి ఊరికీ ఓ జాతర ఉంటుంది. ఆ జాతరలో సంఘాలు, కుర్ర బృందాలు వేసే చోస్నా అనే తాత్కాలిక స్టాళ్ల ముందు రాత్రి తెల్లవార్లూ కచేరీలే. డిసెంబర్‌లో దురాంగో పట్టణంలో బాస్క్ పుస్తకాలు, రికార్డుల సంత జరుగుతుంది, 1965 నుంచి నడుస్తోంది, కొత్త ఆల్బమ్‌లు ఆ సంత తేదీ చూసుకుని విడుదలవుతాయి. ప్రభుత్వ ప్రసార సంస్థకు బాస్క్‌లో కుర్రకారు కోసమే నడిచే రేడియో ఉంది.

ఇవన్నీ కలిస్తే కొత్త బ్యాండ్‌కి వారానికో కచేరీ దొరుకుతుంది. ఊరికి ఊరికి మధ్య దూరం తక్కువ, వ్యానులో గంట, రెండు గంటలు. పెద్ద లేబుల్ లేకపోయినా, జాతీయ టీవీ పట్టించుకోకపోయినా వందల సార్లు వేదికెక్కే వీలుంది. బెర్రి చర్రాక్ అందరికంటే ముందు ఎదిగింది వేదిక మీదే.

దారి వేసినవాళ్లు వేరే ఉన్నారు, వాళ్లని మర్చిపోతే కథ తప్పుతుంది. 1980ల బాస్క్ రాడికల్ రాక్ ఉద్యమంలో ఇరున్‌కు చెందిన కొర్తాతు మొదట ఎక్కువగా స్పానిష్‌లో పాడి, చివర్లో బాస్క్‌కి మారింది. అందులోని ముగురుసా అన్నదమ్ములు ఆ తర్వాత పెట్టిన నెగు గొర్రియాక్ పూర్తిగా బాస్క్‌లోనే పాడుతూ సొంత లేబుల్ నడిపింది. ఐబార్‌కి చెందిన సు తా గార్ నిఖార్సయిన హెవీ మెటల్‌ని బాస్క్‌లోకి తెచ్చింది. ఈ భాషలో ఇలాంటి సంగీతం కుదురుతుందా అన్న అనుమానాన్ని వాళ్లు తీర్చేశారు. బెర్రి చర్రాక్ వచ్చేసరికి ఆ చర్చ ముగిసిపోయింది.

మాడ్రిడ్‌తో పోల్చి చూస్తే

అదే కాలంలో మాడ్రిడ్‌లో స్పానిష్ భాషలో పాడే ఆల్టర్నేటివ్ మెటల్ గట్టిగానే ఉండేది. హామ్లెట్ 1980ల చివర మొదలై 1994 నాటి సనతోరియో దె ముఞేకాస్ ఆల్బమ్‌తో బలమైన అడుగు వేసింది. సోబర్, స్కంక్ డి.ఎఫ్. 1990ల మధ్యలో వచ్చాయి. సోబర్ 2002లో చేసిన పారాదిస్సో ఈ శైలిలో స్పెయిన్‌లో చాలామందికి చేరిన రికార్డు. అదే నగరం నుంచి డోవర్ మాత్రం ఇంగ్లీషులో పాడి 1997లో దేశమంతా దుమ్ము రేపింది.

మూడు భాషలు, మూడు దారులు. ఇంగ్లీషు ఎంచుకుంటే ప్రపంచం తలుపు తెరుచుకున్నట్టే ఉంటుంది గానీ అక్కడ పోటీ నేరుగా అమెరికా వాళ్లతో. స్పానిష్‌కి స్పెయిన్‌తో పాటు లాటిన్ అమెరికా అంతా మార్కెట్టే, అయితే ఆ మార్కెట్‌కి చేరాలంటే పెద్ద లేబుల్, రేడియో, పంపిణీ అన్నీ కావాలి. అవి ఉన్నంతసేపే ఊపు. సోబర్ 2000ల మధ్యలో ఆగిపోయి సభ్యులు సావియా, స్కిజూ అని రెండు బ్యాండ్లుగా విడిపోయారు, కొన్నేళ్లకు మళ్లీ కలిశారు. రికార్డు పరిశ్రమ అమ్మకాలు కుప్పకూలుతున్న రోజులవి, మాడ్రిడ్ బ్యాండ్లకు ఆ దెబ్బ గట్టిగా తగిలింది. బాస్క్ బ్యాండ్లు సీడీ అమ్మకాల మీద మొదటి నుంచీ అంతగా ఆధారపడలేదు కాబట్టి వాళ్లకు నొప్పి తక్కువ. ఊళ్లో జాతర ఆగదు కదా.

రికార్డు చేసే మనిషి మారితే ధ్వని ఎలా మారింది

2003లో లిబ్రే, 2005లో హాయో.ముసికా.ఇల్ వచ్చాక బ్యాండ్ తన ప్రాంతంలో అందుకోవాల్సిన ఎత్తు అందుకుంది. అదే ధ్వనితో ఇంకో పదేళ్లు హాయిగా నడిపేయొచ్చు. వాళ్లు అలా చేయలేదు. అక్కడి నుంచి దాదాపు ప్రతి ఆల్బమ్‌కీ వేరే స్వభావం ఉన్న రికార్డింగ్ మనిషిని వెతుక్కున్నారు. వాళ్ల కథలో అన్నిటికంటే ఎక్కువ నేర్చుకునేది ఇక్కడే ఉంది.

2009 నాటి పయోలాకి స్టీవ్ ఆల్బిని పనిచేశాడు. పిక్సీస్, నిర్వానా ఆల్బమ్‌లు రికార్డు చేసిన ఆల్బిని తనని ప్రొడ్యూసర్ అంటే ఒప్పుకునేవాడు కాదు, రికార్డింగ్ ఇంజినీర్ అనే చెప్పుకునేవాడు, బ్యాండ్ల దగ్గర రాయల్టీలో వాటా అడగకుండా పనికి తగ్గ కూలీ మాత్రమే తీసుకునేవాడు. అతని పద్ధతి టేపు మీద, బ్యాండ్ అంతా కలిసి ఒకేసారి వాయించేలా, మైకుల్ని జాగ్రత్తగా అమర్చి గదిలో ఏది మోగితే అదే పట్టుకోవడం. డ్రమ్స్ దగ్గర పెట్టే మైకులతో పాటు గదిలో దూరంగా కూడా మైకులు పెట్టేవాడు, అందుకే అతని రికార్డుల్లో డ్రమ్స్ వింటుంటే గది గోడలు కూడా వినబడతాయి. గొంతుని పాట మీద కూర్చోబెట్టేవాడు కాదు, గిటార్లతో పాటు అదే వరుసలో నిలబెట్టేవాడు. పయోలాలో జరిగింది ఇదే. మెటల్ రికార్డుల్లో ఒకే రిఫ్‌ని నాలుగైదు సార్లు వాయించి పేర్చి దళసరి చేసే అలవాటు ఉంది, అది పోయింది. కండలు తీసేసి ఎముకలు మిగిల్చిన ధ్వని వచ్చింది. తొలి ఆల్బమ్‌ల మెటల్ బరువు కోసం చూసినవాళ్లకు ఇది పలచగా అనిపించొచ్చు, కానీ పాటల కట్టుబడి ఎంత గట్టిదో ఇందులోనే బయటపడింది. పేరు కూడా గమనించాలి: రేడియోలో పాట వేయించుకోవడానికి ఇచ్చే లంచాన్ని సంగీత పరిశ్రమలో పయోలా అంటారు. అలాంటి పేరున్న రికార్డు రోడ్‌రన్నర్ లాంటి పెద్ద మెటల్ లేబుల్ మీద రావడం విశేషమే.

రెండేళ్లకు, 2011లో అరియా కోసం రాస్ రాబిన్సన్ దగ్గరికి వెళ్లారు. ఆల్బినికి పూర్తిగా ఎదురు కొస ఇతను. కార్న్ మొదటి ఆల్బమ్, సెపుల్తురా రూట్స్, స్లిప్‌నాట్ తొలి ఆల్బమ్, ఎట్ ది డ్రైవ్-ఇన్ వాళ్ల రిలేషన్‌షిప్ ఆఫ్ కమాండ్ ఇతని చేతి మీదుగా వచ్చినవే. ఆల్బిని బ్యాండ్ జోలికి పోకుండా మైకు చూసుకునేవాడు, రాబిన్సన్ మైకు కంటే మనిషిని చూసుకుంటాడు. ఈ లైను ఎందుకు రాశావు, ఎవరి మీద కోపం అని గాయకుణ్ణి తవ్వి తవ్వి అడిగి, ఆ వేడి మీద ఉన్నప్పుడే టేక్ తీస్తాడని పేరు. అరియాలో ఉర్బిసు గొంతు పగిలే అంచుల దాకా వెళ్తుంది. ముందు ఆల్బమ్‌లో నీటుగా కూర్చున్న లయ ఇక్కడ తోసుకుంటూ ముందుకు పోతుంది. ఇంచుమించు ఇదే సమయంలో మొదటి నుంచీ ఉన్న డ్రమ్మర్ వెళ్లిపోయి గాల్దెర్ ఇసాగిర్రె వచ్చాడు, అప్పటికే బాస్ మీద కాటలోనియాకి చెందిన దావిద్ గొన్సాలెస్ ఉన్నాడు. ఈ ముగ్గురే చివరిదాకా నడిచారు. ముగ్గురే అయితే ఓ ఇబ్బంది ఉంది: గిటార్ సోలోకి వెళ్తే కింద ఖాళీ అయిపోతుంది. దాన్ని నింపడానికి బాస్‌కి కూడా డిస్టార్షన్ (శబ్దాన్ని గరగరలాడించే ప్రభావం) ఎక్కించి రెండో గిటార్‌లా వాయించడం ఈ తరహా త్రయాల్లో మామూలు. వీళ్ల చివరి దశ రికార్డుల్లో కింది భాగం అంత గరుకుగా వినబడటానికి అదే కారణం.

2014లో ఇంకో పెద్ద సాహసం. ఇరవై ఏళ్లు నిండిన సందర్భానికి ఇరవై పాటలు, మూడు డిస్కులు, మూడింటికీ ముగ్గురు వేర్వేరు ప్రొడ్యూసర్లు: రికీ ఫాల్క్‌నర్, ఎడ్ రోజ్, బిల్ స్టీవెన్సన్. పేరు డెన్‌బొరా దా పొలిగ్రాఫో బకార్రా, కాలం ఒక్కటే అబద్ధాన్ని పట్టే యంత్రం అని అర్థం వచ్చే పేరు. ఒక డిస్కు మెలడీ వైపు ఒరిగి నెమ్మదిగా సాగుతుంది, ఒకటి రాక్, మూడోది బుర్ర తిరిగే వేగంతో పోయే పంక్. ఒకే బ్యాండ్ ఒకే కాలంలో రాసిన పాటలు రికార్డు చేసే చేతిని బట్టి ఎంత మారతాయో పక్కపక్కన పెట్టి వినే అవకాశం ఇంత చక్కగా ఇంకెక్కడా దొరకదు. 2017 నాటి చివరి ఆల్బమ్ ఇన్‌ఫ్రాసొయినువాక్‌కి మళ్లీ స్టీవెన్సన్‌నే ఎంచుకున్నారు. డిసెండెంట్స్ డ్రమ్మరైన అతను కొలరాడోలో నడిపే బ్లాస్టింగ్ రూమ్ స్టూడియోలోనే రైజ్ అగెయిన్‌స్ట్ వాళ్ల పేరున్న ఆల్బమ్‌లు తయారయ్యాయి. ఆ బ్యాండ్‌తో బెర్రి చర్రాక్‌కి అప్పటికే మంచి సంబంధం ఉంది, యూరప్‌లో వాళ్ల కచేరీలకు ముందు వీళ్లు వాయించారు, వాళ్ల గాయకుడు టిమ్ మెకిల్‌రాత్ గొంతు వీళ్ల పాటలో వినబడుతుంది.

మరి ఇన్ని మలుపులకి శ్రోతలు ఎందుకు వదిలిపోలేదు? ఒక శైలికి కట్టుబడిన అభిమాని శైలి మారితే వెళ్లిపోతాడు. ఈ బ్యాండ్ అభిమానిని కట్టిపడేసింది శైలి కంటే ఎక్కువగా భాష, ఉర్బిసు రాత, వేదిక మీద వాళ్ల తీరు. ఆ మూడూ మారనంతకాలం గిటార్ ఎలా మోగినా అది మనవాళ్ల రికార్డే. తమ స్థానం పదిలంగా ఉందన్న ధీమా లేని బ్యాండ్ ఇన్నిసార్లు మొదటికి వెళ్లి మొదలుపెట్టదు.

బాస్క్ గొంతులో పడితే

భాష ధ్వనిని కూడా కొంత నిర్ణయిస్తుంది. బాస్క్‌కి ఇరుగుపొరుగు భాషలతో చుట్టరికం లేదు, తెలిసిన ఏ భాషా కుటుంబానికీ అది చెందదు. అయినా దాని వాక్యం కట్టే తీరు తెలుగు పాఠకులకు కొత్తగా ఉండదు. క్రియ ఎక్కువగా చివరికి వస్తుంది, విభక్తులు మాట చివర అతుక్కుంటాయి, వాక్యం దుత్, దా, దుగు లాంటి పొట్టి సహాయక క్రియల్లో ముగుస్తుంది. పాట రాసేవాడికి దీనివల్ల లాభం ఉంది: అంత్యప్రాస దాదాపు ఊరికే దొరుకుతుంది, పైగా లైను చివర పడే ఆ పొట్టి మాట రిఫ్ ఆగే చోట సుత్తి దెబ్బలా పడుతుంది. క, త లాంటి గట్టి హల్లులు, చ, త్స వంటి శబ్దాలు మాటిమాటికీ వస్తాయి, అరిచినా మాట చెక్కుచెదరదు.

సులభంగా దొరికే ప్రాసలో ప్రమాదం కూడా ఉంది, పాట చప్పబడిపోవచ్చు. అందుకే బాస్క్ శ్రోత పాటలో మాటని కాస్త కఠినంగానే తూకం వేస్తాడు, ఆ చెవిని పెంచింది బెర్సొలారిత్సా సంప్రదాయం. వేదిక మీద నిలబడ్డ కవికి అప్పటికప్పుడు ఒక అంశం ఇస్తారు, క్షణాల్లో ఛందస్సుకి, ప్రాసకి, ఒక రాగానికి సరిపడేలా పద్యం కట్టి పాడాలి. అవధానంలో పృచ్ఛకులు సమస్యలిచ్చే తీరు తెలిసినవారికి ఈ సభల ఉత్కంఠ వెంటనే అర్థమవుతుంది. నాలుగేళ్లకోసారి జరిగే దీని ఛాంపియన్‌షిప్ ఫైనల్‌కి పది వేలకు పైగా జనం వస్తారు. అలాంటి చోట మెటల్ పాటకైనా సాహిత్యం ఏదో ఒకటి రాసి సరిపెట్టడం కుదరదు, ఉర్బిసు పాటల్లో మాటల చమత్కారానికి అంత గౌరవం దక్కడమూ అందుకే.

రాజకీయ నీడ

బాస్క్‌లో పాడటం అంటే చాలా ఏళ్లు అనుమానాన్ని మోయడమే. బాస్క్ స్వాతంత్ర్యం కోరే ఎటా అనే సంస్థ సాయుధ పోరాటం నడుస్తున్న కాలంలో మాడ్రిడ్‌లోని ఒక వర్గానికి బాస్క్ మాటే ముప్పులా వినిపించేది, కచేరీల రద్దులు, కేసులు మామూలు. నెగు గొర్రియాక్ పాట మీద స్పెయిన్ పోలీసు దళమైన సివిల్ గార్డ్ అధికారి ఒకరు వేసిన కేసు ఏళ్ల తరబడి నడిచి చివరికి బ్యాండ్ పక్షాన ముగిసింది. 2003 ఫిబ్రవరిలో పూర్తిగా బాస్క్‌లో వచ్చే ఏకైక దినపత్రిక ఎగున్‌కారియాని కోర్టు ఆదేశంతో మూసేశారు, ఏడేళ్ల తర్వాత 2010లో నిందితులందరూ నిర్దోషులని అదే న్యాయవ్యవస్థ తేల్చింది. లిబ్రే వచ్చింది ఆ పత్రిక మూతబడిన ఏడాదే.

ఈ వాతావరణంలో బెర్రి చర్రాక్ పాటలు నినాదాలకి దూరంగా ఉన్నాయి. సమాజం మీద, డబ్బు మీద, సంగీత పరిశ్రమ మీద కోపం ఉంది, కానీ అది ఒక మనిషి తనలో తాను వాదించుకుంటున్నట్టు ఉంటుంది. ముందు తరంతో పోలిస్తే ఇది పెద్ద తేడా, భాష రాని శ్రోతలు కూడా దగ్గరవడానికి ఇది తోడ్పడింది. 2011లో ఎటా సాయుధ చర్యల్ని శాశ్వతంగా ఆపేస్తున్నట్టు ప్రకటించాక, 2018లో రద్దయ్యాక బార్సిలోనా, మాడ్రిడ్ హాళ్లలో బాస్క్ పాట వినడం రాజకీయ పరీక్షగా ఉండటం తగ్గింది. బ్యాండ్ చివరి ఆల్బమ్‌లు స్పెయిన్ అంతటా ఎక్కువ మందికి చేరడానికి సంగీతంతో పాటు ఈ మార్పూ కారణమే.

ఆగిన తర్వాత

2019లో ఇకుసి అర్తే పేరుతో, అంటే మళ్లీ కలుద్దాం అని, వీడ్కోలు టూర్ చేశారు. నవంబర్‌లో నవార్రా అరేనాలో ముగించారు. ఏడాది ముందే తెరిచిన, పది వేల మందికి పైగా పట్టే ఆ హాలు లెకున్‌బెర్రి నుంచి అరగంట దూరంలో ఉంది. గొడవలు, కోర్టులు, సగంలో విడిపోవడాలు లేకుండా ఎత్తులో ఉన్నప్పుడే ఆపారు. కొన్ని నెలలకే కోవిడ్ వచ్చి కచేరీలన్నీ మూతబడ్డాయి, ఆ లెక్కన వాళ్ల నిర్ణయం కాలం కలిసొచ్చినట్టే అయింది.

తర్వాత ఏం జరుగుతుందన్న దానికి కొన్ని గుర్తులు ఇప్పటికే కనిపిస్తున్నాయి. కొత్త తరం బాస్క్ బ్యాండ్లలో మెటల్ పాలు తగ్గింది, నవార్రాకే చెందిన సెతాక్ లాంటివాళ్లు ఎలక్ట్రానిక్ పాప్, జానపదం కలిపి పెద్ద జనాన్ని లాగుతున్నారు. వాళ్లు నడుస్తున్న దారి మాత్రం పాతదే: ఊరి జాతర, దురాంగో సంత, బాస్క్ రేడియో, చివరికి పెద్ద హాలు. ఆ చివరి మెట్టు బాస్క్ పాటకి అందేదేనని బెర్రి చర్రాక్ చూపించాక దాని కోసం అడగడానికి ఎవరూ వెనకాడటం లేదు. ఉర్బిసు 2024లో అసియెరా బత్ అనే సొంత ఆల్బమ్‌తో తిరిగొచ్చాడు. డిస్టార్షన్ తగ్గింది, అరుపు లేదు, గొంతుకి చుట్టూ చాలా జాగా ఉంది. భాష మాత్రం బాస్కే.